వార్త అంటే కథ: ప్రపంచ యుద్ధాలను గుజరాతీలో చెబుతున్న పని డైరీ

జూన్ 14

మొదటి కథ మొదలే తప్పని ఈ రోజు తేలింది.

ముందు పని ఏమిటో రాసిపెట్టుకుంటాను. రెండు ప్రపంచ యుద్ధాల చరిత్రను పన్నెండు కథలుగా గుజరాతీలో రాయాలి. ఏ కథయినా గట్టిగా చదివితే పావుగంటలో అయిపోవాలి. వినేది గుజరాతీ మీడియంలో ఎనిమిదో తరగతి చదివే పిల్లలు కావచ్చు, రాత్రి భోజనాలయ్యాక ఊయల బల్ల మీద కూర్చున్న పెద్దవాళ్లు కావచ్చు. ఇద్దరికీ పట్టాలి.

రాసేది ఇద్దరం. ఒకరు బెన్ (గుజరాతీలో అక్క అని). ముప్పై ఏళ్లు గుజరాతీ పాఠాలు చెప్పి రిటైరైన టీచరు. పుట్టిల్లు జామ్‌నగర్ వైపు, అత్తిల్లు సూరత్. రెండోవాణ్ని నేను. మా బాపు కరీంనగర్ వైపు నుంచి నలభై ఏళ్ల కింద సాంచాలు (మరమగ్గాలు) నడపడానికి సూరత్ వచ్చాడు. నేను పుట్టింది లింబాయత్‌లో. ఇంట్లో తెలుగు, బడిలో గుజరాతీ. కథలు గుజరాతీలో రాస్తున్నా లెక్కలూ ఆలోచనలూ నాకు తెలుగులోనే వస్తాయి, అందుకే డైరీ తెలుగులో. ఇలాంటి పనే మనవాళ్లెవరైనా తెలుగులో మొదలుపెడితే వాళ్లకూ అక్కరకొస్తుంది.

మొదటి డ్రాఫ్టు 1914 జూన్ 28న సరయేవోలో మొదలైంది. ఆస్ట్రియా యువరాజు ఫెర్డినాండ్, తెరిచిన కారు, గావ్రిలో ప్రిన్సిప్, రెండు తూటాలు. పుస్తకాలన్నీ అక్కడే మొదలవుతాయి కాబట్టి మేమూ అక్కడే మొదలుపెట్టాం. బెన్ అత్తగారికి ఎనభై ఆరేళ్లు, వీధంతా ఆమెను బా, అంటే అమ్మ, అంటుంది. ఆమెకు చదివి వినిపించాం. ఆస్ట్రియా సెర్బియా మీద, జర్మనీ రష్యా మీద, తర్వాత ఫ్రాన్స్ మీద, ఇలా వరసగా యుద్ధం ప్రకటించుకునే పేరా వచ్చేసరికి బా పళ్లెం ముందుకు లాక్కుని వెల్లుల్లి ఒలవడం మొదలుపెట్టింది. అంతా అయ్యాక ఒకటే అడిగింది.

"ఇందులో మనవాళ్లు ఎవరూ లేరా బేటా?"

ఆ యుద్ధానికి మన దేశం నుంచి పది లక్షలకు పైగా మనుషులు సముద్రం దాటి వెళ్లారని చెప్పాను. 1914 అక్టోబరు 31న బెల్జియంలో హోలెబెక్ దగ్గర పోరాడిన ఖుదాదాద్ ఖాన్, విక్టోరియా క్రాస్ అందుకున్న మొదటి భారతీయ సైనికుడని చెప్పాను. బా శ్రద్ధగానే విన్నది. "ఆయనది పంజాబ్ కదా" అంది. కాసేపాగి తనంతట తనే మొదలుపెట్టింది. రెండో లడాయి నాటికి తను చంటిపిల్ల అట. గోధుమలు, చక్కెర, కిరసనాయిలు, ఆఖరికి బట్ట కూడా కంట్రోల్‌లోనే వచ్చేదని వాళ్లమ్మ చెప్పేదట.

కంట్రోల్ అన్న మాట దగ్గర నేను ఆగిపోయాను. రేషన్ దుకాణాన్ని ఇక్కడి పెద్దవాళ్లు ఈ రోజుకీ కంట్రోల్ దుకాన్ అంటారు. ఊళ్లో మా నాయనమ్మ కూడా కంట్రోలు బియ్యం అనే అనేది. యుద్ధం తెచ్చిన మాట అది. 1943లో బొంబాయిలో రేషన్ పద్ధతి వచ్చింది. యుద్ధం ముగిసి ఎనభై ఏళ్లు దాటినా ఇటు గుజరాతీ ఇంట్లో, అటు తెలంగాణ ఇంట్లో ఆ మాట ఇంకా ఉంది.

సరయేవో డ్రాఫ్టు పక్కన పెట్టేశాం. ముందు గుజరాతీ గడప నుంచి కనిపించే యుద్ధం రాయాలి.

జూన్ 21

వారమంతా మాటల పట్టిక మీదే గడిచింది. ఇది చిన్న పని అనుకున్నాను కానీ కాదు.

గుజరాతీలో వార్తా అంటే కథ. మనకేమో వార్త అంటే న్యూస్. చిన్నప్పుడు బడిలో "వార్తా చెప్పు" అంటే ఏం చెప్పాలో తెలియక నిలబడేవాణ్ని. ప్రపంచ్ అంటే ఇక్కడ మోసం, కపటం. కాబట్టి ప్రపంచ యుద్ధం అన్న మాటను అలాగే దించితే కపట యుద్ధం అవుతుంది. వాళ్ల మాట విశ్వయుద్ధ. ట్రెంచ్‌కు ఖాయీ సరిపోయింది. టార్పెడో, సబ్‌మెరీన్ అలాగే ఉంచాం, వాటికి సంస్కృత పదాలు పెడితే పిల్లలు డిక్షనరీ తీయాలి.

అసలు చర్చ శరణార్థి దగ్గర వచ్చింది. గుజరాత్‌లో నిరాశ్రిత్ అనగానే పెద్దవాళ్ల కళ్ల ముందుకు 1947లో సింధ్ నుంచి వచ్చినవాళ్లు వస్తారు. ఆ మాటలో ట్రంకు పెట్టె, స్టేషన్ ప్లాట్‌ఫారం, కొత్త ఊళ్లో కొత్త దుకాణం అన్నీ ఉన్నాయని బెన్ అంది. యుద్ధంలో ఇల్లు పోయి గుజరాత్ చేరిన పోలండ్ పిల్లల కథ ఒకటి మా పన్నెండులో ఉంది, వాళ్లకు అదే మాట వాడాలని పట్టుబట్టింది. నాకు శరణార్థి బాగుందనిపించింది, కానీ ఆమె మాటే నెగ్గింది. ఇప్పుడు చదువుతుంటే ఆమెదే సరి.

జులై 5, బాలాచడి

రాత్రి రైలెక్కి వచ్చాం. రాజ్‌కోట్, జామ్‌నగర్‌ల మధ్య ధ్రోల్ దగ్గర భూచర్ మోరీ ఉంది. 1591లో నవానగర్ (ఇప్పటి జామ్‌నగర్) రాజు జామ్ సైన్యానికీ మొగలు సైన్యానికీ యుద్ధం జరిగిన చోటు. అక్కడి పాళియాలు చూపించాలని బెన్ ఎప్పటి నుంచో అంటోంది. పాళియా అంటే మన వీరగల్లు. నిలువు రాయి, పైన సూర్యుడూ చంద్రుడూ, కింద గుర్రం మీద మనిషి, మీద సిందూరం. సౌరాష్ట్రలో ఊరూరా పొలిమేరల్లో ఇవి కనిపిస్తాయి. రాత ఉంటే రెండు మూడు ముక్కలే: పేరు, సంవత్సరం, దేనికోసం పోయాడో.

మా పుస్తకానికి పద్ధతి అక్కడే దొరికింది. కథగా చెప్పాలంటే పాత్రల చేత మాట్లాడించాలన్న ఒత్తిడి మొదటి నుంచీ ఉంది. ఫలానా సైనికుడు ఫలానా రాత్రి ఏమనుకున్నాడో మనకెలా తెలుస్తుంది? బెన్ రాయి మీద చెయ్యి పెట్టి, "దీని మీద ఉన్నంతే రాద్దాం భాయ్, చెప్పే తీరు మాత్రం డాయరోది" అంది. డాయరో అంటే సౌరాష్ట్రలో రాత్రంతా సాగే కథల సభ. అక్కడ కథ చెప్పేవాడు జనం ముఖం చూస్తూ ఆగుతాడు, మళ్లీ ఎత్తుకుంటాడు, గొంతు తగ్గిస్తాడు. ఆ ఆగడం, ఎత్తుకోవడం మేం తీసుకోవచ్చు. లేని సంభాషణ మాత్రం ఒక్క ముక్క కూడా చేర్చకూడదు. నోటుబుక్కు మొదటి పేజీలో ఇదే రాసుకున్నాం.

మధ్యాహ్నానికి బాలాచడి చేరాం. కచ్ఛ్ సింధుశాఖ ఒడ్డు, ఉప్పుగాలి, దూరంగా పాలిపోయిన నీళ్లు. ఇప్పుడు అక్కడ సైనిక్ స్కూల్ ఉంది. 1942 నుంచి 1946 దాకా ఈ నేల మీద వందలమంది పోలండ్ పిల్లలు పెరిగారు.

కథ వెన్నెముక ఇది. 1939 సెప్టెంబరు 1న పోలండ్ మీద పడమటి వైపు నుంచి జర్మనీ దాడి చేసింది. సెప్టెంబరు 17న తూర్పు నుంచి సోవియట్ సైన్యం వచ్చింది. తూర్పు పోలండ్ కుటుంబాలను 1940, 41ల్లో రైళ్లకెక్కించి సైబీరియాకు, కజకిస్తాన్‌కు పంపేశారు. 1941 జూన్‌లో హిట్లర్ సోవియట్ మీదకే వచ్చాడు. దాంతో జులై 30న సోవియట్‌కూ పోలండ్ ప్రవాస ప్రభుత్వానికీ ఒప్పందం కుదిరి ఆ జనాన్ని వదిలిపెట్టారు. అప్పటికే ఆకలి, టైఫస్ చాలామంది తల్లిదండ్రుల్ని తీసుకుపోయాయి. మిగిలిన పిల్లల్లో కొందరు అష్గాబాద్ నుంచి మష్హద్, జాహెదాన్, క్వెట్టా మీదుగా లారీల్లో, రైళ్లలో బొంబాయి చేరారు, అక్కడి నుంచి ఇక్కడికి. నవానగర్ రాజు జామ్ సాహెబ్ దిగ్విజయ్‌సింహ్‌జీ తన వేసవి విడిది పక్కనే స్థలమిచ్చి క్యాంపు కట్టించాడు. ఆయన అప్పుడు సంస్థానాధీశుల సభకు చాన్సలర్, బ్రిటిష్ యుద్ధ మంత్రివర్గంలో సంస్థానాల తరఫు మనిషి.

పెద్ద పదవులు ఒక్క వాక్యంలో చెప్పి వదిలేయాలని నా పట్టుదల. పిల్లలకు గుర్తుండేది పాలకూర. క్యాంపులో పెరిగినవాళ్లు ముసలితనంలో నవ్వుతూ చెప్పుకున్న సంగతి ఇది: వంటవాళ్లు పదేపదే పాలకూర పెడుతుంటే పిల్లలు తినం అని సమ్మె చేశారు. విషయం జామ్ సాహెబ్ దాకా వెళ్లింది. ఇక వండొద్దని ఆయన చెప్పాడు. సైబీరియాలో రొట్టె ముక్కకు మొహం వాచిన పిల్లలు, ఏడాది తిరక్కుండా ఒక కూర వద్దని మొండికేయగలిగారు. ఆ మొండితనానికి వాళ్లకు మళ్లీ అవకాశం వచ్చింది. మా కథ మొత్తం ఈ పళ్లెం చుట్టూనే తిరుగుతుంది.

జులై 12

బాలాచడి కథ మూడో డ్రాఫ్టు. పిల్లలు దిగిన రోజు జామ్ సాహెబ్ వాళ్లతో అన్నాడని చెప్పే మాట ఒకటి ఉంది: మీరిక అనాథలు కారు, నేను నవానగర్ ప్రజలందరికీ బాపును, మీకూ బాపునే అని. ఒకరు చెప్పినట్టు ఇంకొకరు చెప్పరు, మాటలు కొద్దికొద్దిగా మారుతుంటాయి. అందుకే కొటేషన్ గుర్తులు తీసేసి, ఆ పిల్లలు ఇలా గుర్తుపెట్టుకున్నారు అని రాశాం.

బాపు అన్న మాటకు గుజరాతీలో వివరణ అక్కర్లేదు. కాఠియావాడ్‌లో, అంటే సౌరాష్ట్రలో, దర్బారులను (భూములున్న దొరలను), పెద్దలను బాపు అనే పిలుస్తారు. గాంధీజీనీ అదే మాటతో పిలిచారు.

రాత్రి మా బాపుకు కథను తెలుగులోకి మార్చుకుంటూ చదివాను. ఆయన షిఫ్టు నుంచి వచ్చి, చెవుల్లో దూది తీసి, గోడకు ఆనుకుని కూర్చున్నాడు. సాంచాల మోతకు ఆయనకు ఒక చెవి దాదాపు వినబడదు, వినే చెవి నా వైపు తిప్పాడు. పిల్లలు రాజును బాపు అని పిలిచేవాళ్లని చదివినప్పుడు ఆపించాడు. "మన లెక్కనేనా? బాపు అనేనా?" అని అడిగాడు. అవునన్నాను. "రాజును పట్టుకుని?" అన్నాడు. అవునన్నాను. తర్వాత చాలాసేపు ఏమీ అనలేదు. లేచేటప్పుడు, "ఆ పిల్లగాండ్లు మళ్ల వాళ్ల దేశం పోయిన్రా బిడ్డా?" అని మాత్రం అడిగాడు.

క్యాంపు మూసేశాక చాలామంది కొల్హాపూర్ దగ్గర వళీవడే క్యాంపుకు వెళ్లారని, అక్కడి నుంచి తలో దేశానికీ చేరారని చెప్పాను. వార్సాలో ఇప్పుడు మంచి మహారాజు చౌక్ అని ఒకటుంది, ఆయన పేరు మీద బడి కూడా ఉంది. ఈ సంగతి కథ చివర పెట్టాం. మర్నాడు బాకు చదివితే ఆమె కూడా బాపు అడిగిందే అడిగింది. మనవాళ్లు ఎవరని మాత్రం ఈసారి అడగలేదు. ఇంకో మాట కూడా అంది: పాలకూరను ఒట్టిగా ఉడకేసి పెడితే ఎవరు తింటారు, వెల్లుల్లి తాలింపు వేయాలి కదా అని.

జులై 30

ఖేడా కథ. అన్నిటికంటే టెన్షన్ పెట్టింది ఇదే.

1918లో ఖేడా జిల్లాలో పంట పోయింది. దిగుబడి నాలుగణాల లోపు, అంటే మామూలు పంటలో పావు వంతు లోపు, ఉంటే శిస్తు వసూలు ఆపాలని నిబంధన. ప్రభుత్వం ఒప్పుకోలేదు. మార్చి 22న నడియాద్‌లో గాంధీజీ సత్యాగ్రహం మొదలుపెట్టాడు. వల్లభ్‌భాయ్ పటేల్ వకీలు పని పక్కన పెట్టి వచ్చి చేరాడు. ఇంతవరకూ గుజరాతీ పిల్లలందరికీ తెలుసు. తర్వాతి సంగతి చాలామందికి తెలియదు. అదే ఏడాది ఏప్రిల్ చివర్లో ఢిల్లీలో వైస్రాయ్ యుద్ధ సమావేశం పెట్టాడు. గాంధీజీ అక్కడ యుద్ధానికి మద్దతు తెలిపి, వచ్చి, సత్యాగ్రహం చేసిన అదే పల్లెల్లో సైన్యంలో చేరమని అడగడం మొదలుపెట్టాడు.

బెన్ వెనకాడింది. "పెద్దాయన గురించి ఇది పిల్లలకు చెప్పాలా?" అంది. చెప్పాలనే నా వాదన. ఎందుకంటే ఇది ఎవరో కట్టిన మాట కాదు. గాంధీజీ తన ఆత్మకథలో గుజరాతీలో, తన చేత్తో రాసుకున్నాడు. దాచని మనిషి సంగతి మనం దాచడం ఏం మర్యాద? రెండు రోజులు ఆలోచించి ఒప్పుకుంది. ఒప్పుకున్నాక ఈ కథలో సగం పైన ఆమే రాసింది, నాకంటే బాగా రాసింది.

కథకు పట్టు గాడు దగ్గర దొరికింది. గాడు అంటే ఎద్దుబండి. శిస్తు పోరాటంలో ఖేడా రైతులు అడగకుండానే బళ్లు కట్టారు, ఒక్క వాలంటీరు కావాలంటే ఇద్దరు వచ్చారు. సైన్యం కోసం వెళ్లినప్పుడు కిరాయికి కూడా బండి దొరకలేదు. గాంధీజీ, ఆయన మనుషులు రోజుకు ఇరవై మైళ్ల దాకా నడిచారు, తిండి కూడా తమ సంచుల్లోనే తీసుకెళ్లారు. సభల్లో జనం సూటిగా అడిగారు: అహింస చెప్పే మీరు ఆయుధం పట్టమని ఎలా అడుగుతారు? ప్రభుత్వం మనకు చేసిన మేలేమిటి? ఈ ప్రశ్నలూ ఆయనే రాసిపెట్టాడు, కాబట్టి మా నియమం తప్పకుండానే కథలో మాటలు వచ్చాయి.

ఆ రోజుల్లో ఆయన ఎక్కువగా తిన్నది వేరుశెనగ ముద్ద, నిమ్మకాయలు. ఒళ్లు పాడై విరేచనాలు పట్టుకున్నాయి, బతకనని కూడా అనుకున్నాడు. మంచం మీద ఉండగా వల్లభ్‌భాయ్ వచ్చి జర్మనీ ఓడిపోయిందని, ఇక సైనికుల్ని చేర్చక్కర్లేదని కమిషనర్ కబురు పంపాడని చెప్పాడు. పెద్ద ఊరట అని గాంధీజీ రాసుకున్నాడు. కథ అక్కడే ఆపేశాం. ఆయన చేసింది తప్పా ఒప్పా అని మేం రాయలేదు, తేల్చుకునేది చదివేవాళ్లు.

ఆగస్టు 9

టాంగా కథ ఒక్క వారంలో పూర్తయింది. 1914 నవంబరులో తూర్పు ఆఫ్రికా తీరంలో దిగిన ఎనిమిది వేల మంది భారతీయ సైన్యం, అటు జర్మన్ల వైపు వెయ్యి మంది. మధ్యలో లేచిన తేనెటీగలు. ఓడిపోయింది మనవైపే. మద్రాసు దళాలు కూడా అందులో ఉన్నాయి, తెలుగులో రాసేవాళ్లు ఆ కొస పట్టుకోవచ్చు. మాకు అందులో గుజరాతీ కొస సన్నం, అందుకే పొట్టిగా ముగించాం.

ఆగస్టు 24

తిలావా.

ఆఫ్రికాతో సంబంధం లేని ఊరు దక్షిణ గుజరాత్‌లో, సౌరాష్ట్రలో వెతికితే గానీ దొరకదు. మొంబాసా, లౌరెన్సో మార్క్వెస్, డర్బన్ పేర్లు ఇక్కడి ముసలమ్మలకు పక్క తాలూకా పేర్లంత పరిచయం. 1942 నవంబరు 20న బొంబాయి నుంచి ఆ దారినే బయల్దేరింది తిలావా ఓడ. ప్రయాణికులు, సిబ్బంది కలిపి 958 మంది. వాళ్లలో గుజరాతీలు చాలామంది. 23 తెల్లవారుజామున జపాన్ జలాంతర్గామి ఐ-29 టార్పెడో వదిలింది. పడవలు దించుకుని జనం ఎలాగో కిందికి దిగారు. ఓడ వెంటనే మునగకపోయేసరికి కొందరు మళ్లీ ఎక్కడానికి ప్రయత్నిస్తుండగా రెండో టార్పెడో తగిలింది. 280 మంది పోయారు. మిగిలినవాళ్లు రెండు రోజులు నీళ్ల మీద ఉన్నాక, బ్రిటిష్ యుద్ధనౌక బర్మింగ్‌హామ్ వచ్చి దాదాపు అందరినీ ఎక్కించుకుంది.

ఓడలో అరవై టన్నుల వెండి కూడా ఉంది. 2,364 కడ్డీలు, దక్షిణాఫ్రికాలో నాణేలు పోయడానికి. 2017లో సముద్రం అడుగు నుంచి దాన్ని తీశారు, అది ఎవరిదన్న కేసు బ్రిటన్ సుప్రీంకోర్టు దాకా నడిచి 2024లో తేలింది. నా డ్రాఫ్టు ఈ వెండితో మొదలైంది. పట్టుగా ఉంటుందనుకున్నాను.

ఈ ఆదివారం బెన్ వాళ్ల సొసైటీ హాల్లో పదిహేను మంది ముందు చదివాం. వెనక వరసలో ఒక పెద్దాయన, కుటుంబం ఒకప్పుడు మొజాంబిక్‌లో వ్యాపారం చేసి వచ్చినవాళ్లు, లేచి నిలబడి అన్నాడు: "వెండి ఎన్ని కడ్డీలో లెక్క చెప్పారు. డెక్కు మీద పడుకున్నవాళ్ల లెక్క మీ కథలో నాలుగో పేజీలో వచ్చింది."

సమాధానం లేదు నా దగ్గర. ఆయన మాట అక్షరాలా నిజం. ఇంటికొచ్చి మొదటి మూడు పేజీలు కొట్టేశాను. ఇప్పుడు కథ 958 అన్న అంకెతో మొదలవుతుంది. వెండి ఆఖరి పేరాలో రెండు వాక్యాలు.

బెన్ ఇంకో సంగతి పట్టుకుంది. 1888 నవంబరులో మాండ్వి నుంచి బొంబాయికి వస్తూ తుఫానులో జాడ లేకుండా పోయిన వైతరణా అనే ఓడ ఉంది. కరెంటు దీపాలుండేవని జనం దాన్ని విజళి అనేవాళ్లు. ఆ ఓడ మీద సౌరాష్ట్రలో శోకగీతాలు ఇప్పటికీ పాడతారు, బాకు కూడా రెండు చరణాలు వచ్చు. ఓడ మునిగితే ఎలా చెప్పాలో ఈ భాషకు ముందే తెలుసన్నమాట: బయల్దేరిన రేవు, ఎక్కిన జనం, ఎదురుచూసిన ఒడ్డు. తిలావా కథను అదే వరసలో తిరగరాశాం. తిలావా మునిగిన మూడు వారాలకు, డిసెంబరు 15న, జామ్‌నగర్ దగ్గర రోజీలో టార్పెడో శిక్షణ కేంద్రం మొదలైంది. ఇప్పటి ఐఎన్‌ఎస్ వల్సురా అదే. ఆ తేదీని ఒడ్డు మీద కనిపించే చివరి దీపంలా పెట్టాం.

సెప్టెంబరు 7

రంగూన్ కథను పుస్తకంలోకి తెచ్చింది నేను. 1941 డిసెంబరు 23న రంగూన్ మీద జపాన్ బాంబులు పడ్డాయి. 1942 మార్చి 8న నగరం జపాన్ చేతికి పోయింది. ఈ మధ్యకాలంలోనూ ఆ తర్వాతి నెలల్లోనూ నాలుగైదు లక్షల మంది భారతీయులు బర్మా వదిలి బయల్దేరారు. డబ్బున్నవాళ్లకు మొదట్లో ఓడల్లో చోటు దొరికింది. తక్కినవాళ్లు నడిచారు. కొందరు ప్రోమ్ నుంచి కొండలు దాటి టౌంగప్ మీదుగా అరాకాన్ తీరానికి, కొందరు టమూ మీదుగా ఇంఫాల్‌కు. దారిలో కలరా, మలేరియా, ఆకలి. వేలమంది ఇల్లు చేరలేదు.

రంగూన్‌లో గుజరాతీ వర్తకులు చాలామంది. రేవులో మూటలు మోసినవాళ్లు తెలుగువాళ్లు. కాకినాడ దగ్గరి కోరంగి రేవు పేరు మీద బర్మావాళ్లు వాళ్లను కోరంగీలు అనేవాళ్లు. గుజరాతీ సేఠ్ బియ్యం బస్తా ఓడెక్కేది తెలుగు కూలీ వీపు మీదే. యుద్ధం వచ్చి ఇద్దర్నీ ఒకే అడవి దారిలో పెట్టింది. గుజరాతీ పుస్తకంలో తెలుగువాళ్లకు చోటెక్కడిది అని బెన్ అడుగుతుందేమో అనుకున్నాను. ఆమె డ్రాఫ్టు చదివి, "కోరంగీల పేరా చిన్నదయింది, పెంచు" అంది.

విశాఖ, కాకినాడల మీద 1942 ఏప్రిల్ 6న పడ్డ జపాన్ బాంబుల గురించి రెండు పేజీలు రాసి మళ్లీ తీసేశాను. మనసు ఒప్పుకోలేదు గానీ అది ఈ పుస్తకం కథ కాదు. ఆ కాగితాలు దాచాను.

సెప్టెంబరు 20

డీటీపీ దగ్గర వారం పోయింది. మేం యూనికోడ్‌లో ఇచ్చిన ఫైలును ఒక చోట పాత ఫాంటులోకి మార్చారు. తిరిగొచ్చిన ప్రూఫుల్లో జోడక్షరాలు చెదిరిపోయాయి. అన్నిటికంటే ఎక్కువసార్లు చెడింది యుద్ధ అన్న మాటే. దకు ధ వత్తు రావలసిన చోట ధకు ధ వత్తు. పేజీకి పదిసార్లు వచ్చే మాట అది. తెలుగులోనూ మనవాళ్లు చేసే తప్పే కాబట్టి నా కళ్లు దాన్ని వెంటనే పట్టాయి. 214 చోట్ల చేత్తో దిద్దాం. వెతికి మార్చే బటన్ నొక్కితే బుద్ధ, శుద్ధ లాంటి మాటలు కూడా కదిలాయి, అందుకే చేత్తో. ఎవరైనా ఇలాంటి పని చేస్తే మొదటి రోజే ఏ ఫాంటులో అచ్చవుతుందో అడిగి కాగితం మీద రాయించుకోండి.

అక్టోబరు 11

నవరాత్రి తొమ్మిది రాత్రులూ పని ఆగింది. గర్బా అయ్యేసరికి తెల్లారేది, ఎవరినీ కూర్చోబెట్టి కథ వినిపించే పరిస్థితి లేదు.

నిన్న ఒక గుజరాతీ మీడియం బడిలో ఎనిమిదో తరగతికి ఖేడా కథ చదివాం. బెన్ చదివింది, నేను వెనక నిలబడి ముఖాలు చూశాను. బండి దొరకని చోట నవ్వారు, నిమ్మకాయల దగ్గర మొహాలు చిట్లించారు. జర్మనీ ఓడిందని వల్లభ్‌భాయ్ చెప్పే చోట నిశ్శబ్దం. అయ్యాక రెండో బెంచీలో ఒక అమ్మాయి చెయ్యెత్తింది.

"బెన్, అసలు ఆ లడాయి ఎందుకు మొదలైంది? ఖేడా వాళ్లను ఎందుకు రమ్మన్నారు?"

పక్కనున్న పిల్లలు కూడా అదే అడగడం మొదలుపెట్టారు. బెన్ నా వైపు చూసింది. జూన్‌లో బా పళ్లెం ముందుకు లాక్కున్న కథ నాకు గుర్తొచ్చింది.

రాత్రి పాత డ్రాఫ్టు వెతికి తీశాను. యుద్ధ ప్రకటనల పేరా మొత్తం కొట్టేశాను. ఆ ఉదయం సరయేవోలో ఫెర్డినాండ్ ప్రయాణించాల్సిన దారి మార్చారు, ఆ సంగతి డ్రైవరుకు చెప్పలేదు. అతను పాత దారిలోకే తిప్పాడు, తప్పని ఎవరో అరిస్తే బండి ఆపాడు. ఆగింది ప్రిన్సిప్ నిలబడ్డ చోట. ఐదో కథగా, ఖేడా తర్వాత, ఆ మలుపు దగ్గర నుంచి మొదలుపెడుతున్నాం. రేపు పొద్దున్నే బాకు చదవాలి.